అందరికీ ఒకటే ఫైలు

"లేవండక్కా, ఒక్క పది నిమిషాలు. మీ సింహాసనం నాకివ్వండి," అన్నాడు స్క్రూడ్రైవర్.

చొక్కా జేబులో ఎప్పుడూ ఒక స్క్రూడ్రైవర్ ఉంటుంది కాబట్టి అతనికి ఆ పేరు. కంప్యూటరు విప్పే పని ఈ రోజుల్లో ఎప్పుడో గాని రాదు, ఉన్న పనంతా కీబోర్డు మీదే. అయినా అది జేబులో లేకపోతే తనని మెకానిక్ అనుకోరని అతని భయం. ఆ ప్రెస్సులో అసలు పేర్లతో ఎవరికీ పని లేదు. ప్రూఫులు చూసే ఆవిడ టీచరమ్మ. ఆవిడ ఒక్కనాడూ బడిలో పాఠం చెప్పిన పాపాన పోలేదు. ఎవరు ఏ ముక్క రాసినా దిద్దే అలవాటు ఉండటం చేత టీచరమ్మ అయింది. టైపు చేసే పిల్లని మెరుపు అంటారు. చేతివేగం చూసి పెట్టిన పేరది. తప్పుల వేగం కూడా అంతేనన్నది టీచరమ్మ కలిపిన మాట.

టీచరమ్మ లేచి గోడకి ఆనుకుని నిలబడింది. ఉత్తరాలు రాసే పాత ప్రోగ్రాము ఒకటి అన్ని మిషన్లలోనూ ఊరికే కూర్చుని ఉందనీ, దానివల్లే అన్నీ నత్తనడక నడుస్తున్నాయనీ, ఓనరుగారు దాన్ని పీకి పారెయ్యమన్నారనీ చెబుతూనే స్క్రూడ్రైవర్ పని కానిస్తున్నాడు. అతని చేతులూ నోరూ ఒకే స్విచ్చి మీద నడుస్తాయి.

"ఇదిగో, మధ్యలో ఆగి ప్రశ్నలడుగుతోంది. ఈ ఫైలు నాలుగు ప్రోగ్రాములూ కలిసి వాడుకునేదట. ఇప్పుడింకెవరికీ అక్కర్లేనట్టుంది, తీసెయ్యమంటావా అని. ఏమంటారక్కా?"

"ఎవరికీ అక్కర్లేనిది మనకెందుకు? తీసెయ్."

"పెద్దలు చెప్పారు, నాదేం లేదు," అని నవ్వుతూ బటన్ నొక్కాడు. ప్రతి ఫైలుకీ ఇలా అడుగుతూ కూర్చుంటే తెల్లారిపోతుందని, అన్నిటికీ అవును అనే గడిలో టిక్కు పెట్టేశాడు. ఆ పని అయ్యాక మెరుపు మిషన్ దగ్గరికి, అక్కణ్ణించి లెక్కల గదిలోకి వెళ్లాడు. అన్నిచోట్లా అదే ప్రశ్న, అదే జవాబు.

టీచరమ్మ మళ్లీ కుర్చీలో కూర్చుని మూడో తరగతి వాచకం తెరిచింది. ఆ నెలలో ప్రెస్సుకి అదే పెద్ద పని. ఊళ్లోని చాలా బళ్లకి అక్కణ్ణించే వెళ్లాలి.

ఆవిడ చేసే పని బయటినుంచి చూసేవాళ్లకి చదవడంలాగే ఉంటుంది. పేజీ మీద పేజీ కదులుతుంది, అప్పుడప్పుడు చెయ్యి ఆగుతుంది, ఒక మాట దిద్దుతుంది. నిజానికి ఆవిడ చదవదు. ఆ సంగతి ఈ భూమ్మీద ఆవిడకొక్కదానికే తెలుసు. రెండేళ్లుగా కంటి మధ్యలో ఒక మచ్చ పెరుగుతోంది. రెండు కళ్లలోనూ. దేన్ని సూటిగా చూస్తే అది మాయమవుతుంది, దాని చుట్టూ ఉన్నది మిగులుతుంది. కళ్లజోడు మార్చి ఇమ్మని అడిగితే కళ్ల డాక్టరు తల అడ్డంగా ఊపి, ఇది అద్దాలతో పోయేది కాదమ్మా, ఉన్నది ఉన్నట్టు నిలబడితే అదే పదివేలు అని చెప్పి తర్వాతి మనిషిని పిలిచాడు.

అక్షరాలు పోయినా ఆవిడకి ఎర్రగీతలు మిగిలాయి. తప్పుగా టైపు చేసిన మాట కింద కంప్యూటరు గీసే వంకర గీత, కంటి కొసనుంచి చూస్తే ఎర్రటి మరకలా తెలిసేది. మరక ఉన్నచోట ఆవిడ ఆగేది. ఆ మాటని అరచెయ్యంత పెద్దది చేసి, గింజని చూసే కోడిలా తల పక్కకి వంచి, ఒక్కొక్క అక్షరాన్నీ పట్టుకునేది. దిద్దాక మళ్లీ చిన్నది చేసి ముందుకి పోయేది. గీత లేనిదంతా ఒప్పే. దాని జోలికి పోనక్కర్లేదు. ఈ ఏర్పాటు కుదిరాక, కాగితం ప్రూఫులు దండగ, అన్నీ తెరమీదే చూస్తానని ఓనరుగారికి తనే చెప్పింది. కాగితం మిగులుతుందంటే ఆయన మురిసిపోయి, పొదుపంటే ఈవిడ దగ్గర నేర్చుకోండని నలుగురిలో చెప్పాడు కూడా.

ఆ రోజు మొదటి పేజీలో గీత లేదు. రెండో పేజీలోనూ లేదు. పది పేజీలు తిప్పినా తెర కడిగిన పళ్లెంలా తెల్లగా ఉంది. టీచరమ్మకి ముందు ఆశ్చర్యం వేసింది, తర్వాత సంతోషం వేసింది. కిందటి వారం మెరుపుని కూర్చోబెట్టి గట్టిగానే చీవాట్లు పెట్టింది. అవి పనిచేశాయన్నమాట.

"అమ్మాయ్, ఇటు చూడు. ముత్యాల్లా కొట్టావు. ఒక్క తప్పు లేదు."

మెరుపు చేతులు కీబోర్డు మీదే ఆగిపోయాయి. "నన్నేనా టీచరమ్మా? ఒంట్లో బాగానే ఉందా మీకు?"

"పొగిడినా ఏడుపేనా నీకు?"

"లేదు లేదు, మా అమ్మకి ఫోన్ చేసి చెప్పాలి. నమ్మదు."

రోజుకి ఒక ఫారం, అంటే పదహారు పేజీలు, చూస్తే గొప్ప అనుకునే టీచరమ్మ ఆ వారం పుస్తకం మొత్తం పాస్ చేసి అచ్చు మిషన్ గదికి పంపించేసింది. సాయంత్రం మెడ నొప్పి లేదు, తలపోటు లేదు. బస్సులో కిటికీ పక్కన కూర్చుని, ఇంకో అయిదేళ్లు ఇలాగే లాగెయ్యొచ్చు అనుకుంది. ఆవిడ ఆశ పడ్డదల్లా అంతే, పాపం.

పుస్తకాలు బైండింగు అయి మొదటి కట్టలు బళ్లకి వెళ్లిన మర్నాడు, ఓనరుగారి కేక మిషన్ చప్పుడుని దాటి వినిపించింది. ఆయన గదిలోంచి బయటికొచ్చి హాలు మధ్యలో నిలబడ్డాడు. చేతిలో వాచకం ఉంది.

"టీచరమ్మా! ఇలా రా. నువ్వే. రా ఇటు."

ఇన్నేళ్లలో ఆయన ఆవిడని నువ్వు అనడం అదే మొదలు. బైండింగులో అట్టలు అతికించేవాళ్లు చేతులు అలాగే ఉంచి చూస్తున్నారు. ఒక హెడ్మాస్టరుగారు ఫోన్ చేసి, పిల్లలకి తప్పులు నేర్పడానికి మీ పుస్తకం దేనికి, ఆ పని వాళ్లే చేసుకుంటున్నారుగా అన్నాడట. ఆ మాట ఓనరుగారికి తల కొట్టేసినట్టయింది.

"చూడు ఇక్కడ. ఇదేమిటి?" పుస్తకం తెరిచి వేలు పెట్టాడు.

ఆవిడకి ఆయన వేలు కనిపించింది. వేలికింద ఉన్నది కనిపించలేదు. "అవునండీ," అంది.

"ఇది?"

"అవునండీ."

"దీని సంగతేమిటి? పేజీకి నాలుగున్నాయి. కళ్లు ఎక్కడ పెట్టుకున్నావు?"

"పొరపాటేనండీ."

ఒక్క తప్పూ చూడకుండానే అన్ని తప్పులూ ఒప్పుకుంది. వెనకనుంచి మెరుపు వెక్కిళ్లు వినిపించాయి. "మీరే కదా టీచరమ్మా ముత్యాల్లా ఉందన్నారు. అంటే ఎగతాళికి అన్నారా?" ఆ మాటకి ఓనరుగారు కూడా ఆగాడు. ఏడుస్తున్న ఆడపిల్లని ఏమనడానికీ ఆయనకి నోరు రాదు. ఆ మిగిలిన కోపం కూడా టీచరమ్మ వైపే తిరిగింది.

చివరికి ఆయన అలిసిపోయాడు. గదిలోకి పిలిచి, మనిషన్నాక ఒకసారి కాలు జారుతుంది, ఇన్నేళ్ల మొహం చూసి ఊరుకుంటున్నాను అన్నాడు. బళ్లకి క్షమాపణ ఉత్తరం రాయించాడు. మా ప్రూఫ్ రీడరు అజాగ్రత్త వల్ల ఇలా జరిగిందని అందులో ఉంది. కింద ఆవిడే సంతకం పెట్టాలి. ఎక్కడ పెట్టాలో ఆయన వేలితో చూపిస్తే, వేలి పక్కన సంతకం చేసింది.

"సరే, తిట్టాల్సింది తిట్టేశాను. వెళ్లి పని చూసుకో."

ఉద్యోగం ఉంది. సాయంత్రం ప్రెస్సు మెట్లు దిగుతూ ఆవిడ గోడని పట్టుకుని ఆ మాట రెండుసార్లు అనుకుంది. పరువు పోయింది గాని ఉద్యోగం ఉంది. కాని ఎంతకాలం? అక్షరాలు పోయినప్పుడు గీతలున్నాయని ధైర్యం చెప్పుకుంది. ఇప్పుడు ఆ మచ్చ గీతల్ని కూడా మింగేసింది. ఇక మిగిలిందేమిటి?

ఇంట్లో ఆవిడ భర్త పొయ్యి దగ్గర కుర్చీ వేసుకుని వంట చేస్తున్నాడు. లారీ తోలి తోలి నడుం పోయినప్పటినుంచి వంట ఆయనది, సంపాదన ఆవిడది. ఆవిడ చెప్పులు విప్పి, కాళ్లు కూడా కడుక్కోకుండా కూరగాయల బుట్టలోంచి ఒక టమాటా తీసి తెల్ల పళ్లెంలో పెట్టింది. పక్కకి తిరిగి చూసింది. ఎర్రగానే ఉంది. అంత పెద్దది ఎవరికైనా కనిపిస్తుందనుకుని, కుట్టు డబ్బాలోంచి ఎర్రదారం వెతుక్కుని తెల్ల తువ్వాలు మీద పరిచింది. తల వంచింది. దారం కూడా కనిపించింది.

"ఏంటి, దారంతో కబుర్లు చెబుతున్నావు?" అన్నాడు భర్త.

"మీ చొక్కా బొత్తాం ఊడింది కదా అని."

"నా చొక్కాకి అన్నీ ఉన్నాయే బాబూ. ఊడింది నా నడుమొక్కటే. దాన్ని కుట్టగలిగితే కుట్టు."

ఆవిడ నవ్వలేదు. దారం కనిపిస్తోంది, గీత కనిపించలేదు. అంటే మచ్చకి ఒక నిలకడ లేదు, వస్తోంది, పోతోంది. రేపు ఏది మింగుతుందో తెలియదు. భోజనం దగ్గర ఆయన, ఇల్లుగలావిడకి అద్దె ఇవ్వాలనీ, పైకప్పు కారుతోందని చెప్పాలనీ ఏదో అంటున్నాడు. టీచరమ్మ ఊఁ కొడుతోంది. చదవలేని ప్రూఫ్ రీడర్ని ఎవరు పెట్టుకుంటారు? ఈ ఇంటికి అన్నం పెట్టేది ఆ ఎర్రగీత ఒక్కటే. అది పోతే ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకుంటూ కూర్చోవాలి. అదీ కుదరదని ఆయనకి తెలియదు.

మర్నాడు ప్రెస్సులో ఆవిడ కొత్త ఫైలు తెరిచింది. గీతలు లేవు. ఈసారి సంతోషం వెయ్యలేదు. మెనూ తెరిచి, తల పక్కకి వంచి, తప్పులు పట్టేచోట టిక్కు ఉందో లేదో చూసింది, ఉంది. గీతల్ని నమ్మడం మానేసి ప్రతి మాటనీ అరచెయ్యంత చేసుకుని ఒక్కొక్కటే చదవడం మొదలుపెట్టింది. ఒక మాట, దాని పక్కమాట, మళ్లీ పక్కమాట. మధ్యాహ్నానికి ఒక పేజీ అయింది. కణతలు పగిలిపోతున్నాయి. మెరుపు ఇవతలికి చూడటం మానేసి, దిద్దాల్సిన ఫైళ్లు మాటా పలుకూ లేకుండా పంపేస్తోంది. ఆ పిల్ల అలక తీర్చే ఓపిక కూడా ఆవిడకి లేకపోయింది.

భోజనాల వేళ వెనక మెట్ల మీద ఒక్కతే కూర్చుని ఉంటే స్క్రూడ్రైవర్ వచ్చి రెండు మెట్లు కింద కూర్చున్నాడు. ఎప్పుడూ కూర్చోకముందే మాట్లాడే మనిషి, కూర్చున్నాక కూడా మాట్లాడలేదు. జేబులోంచి స్క్రూడ్రైవర్ తీసి మెట్టు అంచుని గీకుతున్నాడు.

"అక్కా, మిమ్మల్ని చంపింది నేనేనక్కా."

"ఏం మాటలవి?"

"ఆ ఫైలు. ఆ రోజు మీ ముందే తీసేశాను చూడండి, ఎవరికీ అక్కర్లేదని. పొద్దున లెక్కలాయన, ఉత్తరంలో తప్పు రాసినా గీత రావట్లేదేమిటని అడిగాడు. వెతికితే తెలిసింది. తప్పులు పట్టేది ఆ ఫైలేనక్కా. మనం ఏమనుకుంటాం, ఉత్తరాల ప్రోగ్రాముకి దానిది దానికి, పేజీలు కట్టేదానికి దానిది దానికి, మెయిలుకి దానిది దానికి ఉంటుందనుకుంటాం. కాదు. అందరికీ ఒకటే ఫైలు. వీధి కొళాయి లాగ. అందరూ బిందెలు పట్టుకుని దాని దగ్గరికే వస్తారు, ఈ మాట ఉందా లేదా అని అడుగుతారు. పాత ప్రోగ్రాము పోతూ పోతూ, ఇది నాది, నేను పోతున్నానుగా, తీసెయ్యమంటావా అంది. నేను తీసెయ్ అన్నాను. అన్ని మిషన్లలోనూ."

"మరి మెనూలో ఆన్‌లోనే ఉందిగా? నేను చూశాను."

"ఆన్‌లోనే ఉంటుంది. అడిగేవాడు ఉన్నాడు, చెప్పేవాడు లేడు. చెప్పేవాడు లేకపోతే అది తప్పనీ అనదు, ఒప్పనీ అనదు. నోరు మూసుకుని కూర్చుంటుంది. గీత లేదంటే తప్పు లేదనుకున్నాం అందరం."

టీచరమ్మ అతన్ని చూసింది. అంటే అతని చెవి పక్కనున్న గోడని చూసింది, అప్పుడే అతను తెలుస్తాడు. "అంటే గీతలు అసలు రాలేదా? ఎవరికీ?"

"ఎవరికీ."

ఆవిడకి నవ్వొచ్చింది. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, భుజాలు కదిలేలా నవ్వింది. మచ్చ పెరగలేదు. కళ్లు ఎక్కడున్నవి అక్కడే ఉన్నాయి. రాని గీతని చూడలేదని రెండు రోజులుగా చచ్చింది! నెత్తిన పాలు పోసినట్టుంది ప్రాణానికి. ఏడుస్తుందనుకున్న మనిషి నవ్వుతుంటే స్క్రూడ్రైవర్‌కి భయం వేసింది.

"అక్కా, మీరు నన్ను నాలుగు తిట్టండి, బాగుంటుంది. ఇప్పుడే వెళ్లి ఓనరుగారికి చెప్పేస్తాను."

ఆవిడ నవ్వు ఆగిపోయింది. "ఏం చెబుతావు?"

"ఉన్నదే. టీచరమ్మ తప్పు లేదు, గీతలు రాకుండా చేసింది నేను అని."

"వద్దు."

"అదేంటక్కా?"

"తిట్లు అయిపోయాయి. సంతకం అయిపోయింది. మళ్లీ ఎందుకు కెలకడం? నీకిద్దరు పిల్లలు. ఆయన నిన్ను ఊరికే వదులుతాడా?"

"పోతే పోతుంది. నా తప్పు మీ నెత్తిన పెట్టి నేను ఎలా తింటానక్కా అన్నం?"

"నేను తింటున్నానుగా. నీకేం?"

అతను తల అడ్డంగా ఊపాడు. అతను మంచివాడు. మంచివాడినన్న సంగతి అతనికి తెలుసు కూడా. అలాంటివాళ్లకి నిజం కడుపులో దాచుకోమంటే కడుపునొప్పి వస్తుంది. అజాగ్రత్త మనిషికి ఈ ప్రెస్సులో చోటుంది. ఆ కుర్చీలో ఇన్నాళ్లూ కూర్చున్నది చదవలేని మనిషని తెలిస్తే మాత్రం చోటు లేదు. ఈ అమాయకుడు ఆ గీతల సంగతి ఎత్తితే, మాట మీద మాట ఎక్కడిదాకా పోతుందో. అసలు సంగతి చెప్పేస్తే నోరు మూస్తాడేమో. తమ్ముడూ, నాకు కళ్లు లేవురా అన్న మాట పెదవి దాకా వచ్చింది. కాని ఇతను చేతులూ నోరూ ఒకే స్విచ్చి మీద నడిచే మనిషి. సాయంత్రం టీ వేళకి బైండింగులో తెలుస్తుంది, అందరూ అయ్యో అంటారు. ఆ అయ్యో ఆవిడకి అక్కర్లేదు. ఆ మాట మింగేసింది.

"నా మాట విను తమ్ముడూ. ఫైలు మళ్లీ పెట్టెయ్. పెట్టి ఊరుకో. నా మీద ఉండనీ."

"ఫైలు పెడతాను," అని అతను తల ఊపాడు. అతను ఊపింది ఫైలుకి. ఆవిడ అనుకున్నది రెండిటికీ అని.

మర్నాడు పొద్దున్న తెర మీద గీతలు వచ్చేశాయి. మెరుపు టైపు చేసిన మొదటి పేజీలోనే ఎర్రటి మరకలు చల్లినట్టున్నాయి. టీచరమ్మకి ప్రాణం లేచి వచ్చింది. ఒక మరక దగ్గర ఆగింది, పెద్దది చేసింది, దిద్దింది. ఇంకోటి. ఇంకోటి. చెయ్యి పాత అలవాటు మీద దానంతటదే నడుస్తోంది. "ఏమే అమ్మాయ్, మళ్లీ మొదలెట్టావా?" అని ఆనందం పట్టలేక అరిచింది. మెరుపు మూతి ముడుచుకుంది గాని, ఆ గొంతులో తిట్టు లేదని తెలిసి కాస్త మెత్తబడింది.

అప్పుడు ఓనరుగారు పిలుస్తున్నారని కబురొచ్చింది. గదిలోకి వెళ్లేసరికి గుమ్మం పక్కన చేతులు కట్టుకుని ఒక ఆకారం ఉంది. నిలబడిన తీరుని బట్టి స్క్రూడ్రైవర్ అని పోల్చుకుంది.

"కూర్చోండి టీచరమ్మా. కూర్చోండి ముందు." ఓనరుగారి గొంతులో మళ్లీ 'మీరు' వచ్చింది. ఆవిడకి టీ కూడా తెప్పించాడు. "ఇతను అంతా చెప్పాడు. నేను నలుగురిలో మిమ్మల్ని నానా మాటలూ అన్నాను. మీరు నోరెత్తలేదు. పైగా నాకు చెప్పొద్దని ఇతన్ని బతిమాలారట. ఈ కాలంలో ఇలాంటి మనుషులుంటారా?"

"ఉండలేకపోయానక్కా, క్షమించండి," అన్నాడు స్క్రూడ్రైవర్. ఓనరుగారు అతన్ని తిట్టినట్టే లేదు. నిజం చెప్పినవాణ్ణి తిట్టడానికి ఆయనకి నోరు రాలేదు కాబోలు.

ఓనరుగారు క్షమాపణ ఉత్తరం ఆవిడ ఎదురుగానే చించాడు. ఇంకా బళ్లకి పంపలేదట. చించిన ముక్కలు బుట్టలో పడిన చప్పుడు వినిపించింది. ఒక్క క్షణం, ఒకే ఒక్క క్షణం, అంతా గట్టెక్కిందనుకుంది ఆవిడ.

"ఇప్పుడు ఒకటే దారి. పుస్తకాలు వెనక్కి తెప్పించడం నావల్ల కాదు. తప్పొప్పుల పట్టిక ఒకటి అచ్చేసి ప్రతి పుస్తకంలోనూ పెట్టి పంపిద్దాం. దాన్ని మళ్లీ ఆ మిషన్ చేతిలో పెట్టను, దాని మీద నాకు నమ్మకం చచ్చిపోయింది. మీరే చూడండి. కాగితం మీద, మీ కళ్లతో, పాతరోజుల్లో చూసినట్టు. బయట గోలగా ఉంటుంది, ఇక్కడే నా ముందు కూర్చోండి." వాచకమూ, ఒక పెన్నూ ఆవిడ ముందుకి జరిపాడు.

ఆవిడ పెన్ను తీసుకుంది. మూత తీసింది. పుస్తకం తెరిచి, మొదటి పాఠం దగ్గర పేజీని అరచేత్తో చదును చేసింది. తెల్ల కాగితం మధ్యలో బూడిదరంగు పొగ ఉంది, చుట్టూ అంచులున్నాయి. తల కుడివైపుకి వంచింది, ఎడమవైపుకి వంచింది. పుస్తకం ముఖం దాకా తెచ్చుకుంది, మళ్లీ దించింది. కాగితాన్ని పెద్దది చెయ్యడానికి ఎక్కడా బటన్ లేదు. ఒక పేజీ చదవడానికి ఎంతసేపు పడుతుందో ఆవిడకి బాగా తెలుసు. అంతసేపు ఆగి పేజీ తిప్పింది. మళ్లీ అంతసేపు ఆగి ఇంకోటి తిప్పింది. ఓనరుగారు తన కాగితాలు చూసుకుంటున్నాడు. స్క్రూడ్రైవర్ వెళ్లకుండా అక్కడే నిలబడి ఉన్నాడు, తను చేసిన మంచి పని పూర్తయ్యేదాకా చూడాలని.

"ఒక్కటీ గుర్తు పెట్టలేదే?" అన్నాడు ఓనరుగారు తల ఎత్తి. "మొదటి పేజీలోనే నాకు నాలుగు దొరికాయి."

ఆవిడ పెన్ను కాగితం మీద ఆన్చింది. ఎక్కడో ఒకచోట గీత గియ్యొచ్చు. తప్పు మీద పడుతుందో ఒప్పు మీద పడుతుందో. చెయ్యి కదల్లేదు.

"వెలుతురు చాలట్లేదా? ఉండండి." ఆయనే లేచి వెళ్లి లైటు వేశాడు. పొగ ఇంకొంచెం తెల్లబడింది.

"లైటు కాదండీ," అంది ఆవిడ. "నాకు కనపడదు."

"కళ్లజోడు మర్చిపోయారా?"

"పెట్టుకునే ఉన్నానండీ."

బయట మిషన్ కాగితాలు మింగుతున్న చప్పుడు వస్తోంది. అక్కా అని స్క్రూడ్రైవర్ ఏదో అనబోయాడు. "నిన్న నాకొక్క ముక్క చెప్పి ఉంటే," అన్నాడు. ఆవిడ అతని వైపు తిరగలేదు. అతని మీద కోపం కూడా లేదు. చెప్పి ఉంటే అన్న మాట ఆవిడకి తెలియనిదా?

"ఎన్నాళ్లనుంచి?" అన్నాడు ఓనరుగారు.

"రెండేళ్లయిందండీ."

"మరి ఈ రెండేళ్లూ మన పుస్తకాలన్నీ ఎవరు చూశారు?"

"గీతలు చూశాయండీ. నేను దిద్దాను."

ఆయన కుర్చీలో వెనక్కి వాలాడు. కేకలు వేస్తాడని ఆవిడ ఎదురుచూసింది. కేకలైతే ఓర్చుకునేది. ఆయన స్క్రూడ్రైవర్ వైపు తిరిగి, మామూలు గొంతుతో అడిగాడు. "ఆ ఫైలు మళ్లీ పెట్టేశావా?"

"పెట్టేశానండీ."

"టైపు చేసే పిల్ల మిషన్లో కూడా వస్తాయా గీతలు?"

ఆ ప్రశ్న ఎటు పోతోందో అప్పటికి స్క్రూడ్రైవర్‌కీ అర్థమైంది. కాని అబద్ధం చెప్పడం అతనికి చేతకాదు. "వస్తాయండీ. అందరికీ ఒకటే ఫైలు," అన్నాడు నేలచూపులు చూస్తూ.

"అయితే ఆ పిల్లే టైపు చేసి ఆ పిల్లే దిద్దుకుంటుందిలే."

"గీత వచ్చినచోట ఏం పెట్టాలో తెలియాలి కదండీ," అంది టీచరమ్మ. ఆవిడ చేసిన వాదన అదొక్కటే. అది కూడా సగం గొంతుతోనే చేసింది.

"అదీ మిషనే చెబుతుంది కదమ్మా, ఏం పెట్టాలో. కుడి బటన్ నొక్కితే." ఆయన వెటకారానికి అనలేదు, నిజంగానే ఓదార్చినట్టు అన్నాడు. ఇప్పటిదాకా నమ్మకం చచ్చిపోయిందన్న మిషన్ మీద ఆయనకి ఎంత త్వరగా నమ్మకం కుదిరిందో! "మిమ్మల్ని కష్టపెట్టను. ఈ నెలదీ, వచ్చే నెలదీ ఇప్పిస్తాను. కళ్లు జాగ్రత్తగా చూసుకోండి. విశ్రాంతి తీసుకోండి."

ఆవిడ పెన్నుకి మూత పెట్టింది. వాచకం మూసి ఆయన వైపు జరిపింది. వస్తానండీ అని, చల్లారిన టీ మొత్తం తాగేసి లేచింది. హాల్లో మెరుపు టకటకా కొడుతోంది. "టీచరమ్మా, మీ ఫైలు పంపేశాను చూసుకోండి," అంది తల ఎత్తకుండా. అలక తీరిపోయిన గొంతు. టీచరమ్మ ఆ పిల్ల భుజం మీద చెయ్యి వేసి, నెమ్మదిగా కొట్టవే, తొందరేం లేదు అని చెప్పి, సంచి తీసుకుని బయటికి నడిచింది. వీధిలో ఎండ కాస్తోంది. రోడ్డు దాటడానికి ఆవిడకి చాలాసేపు పట్టింది.

వేళ కాని వేళ తలుపు తెరుచుకునేసరికి భర్త పొయ్యి దగ్గరనుంచే కేక వేశాడు. "ఏంటి, ఇవాళ సగం పూటేనా? మీ ఓనరు పుట్టినరోజా?"

"సెలవిచ్చారు."

"ఎన్నాళ్లు?"

ఆవిడ సంచి కింద పెట్టి, ఆయన పక్కన నేలమీద కూలబడింది. గోడకి తల ఆన్చింది. కూర ఉడుకుతున్న చప్పుడు వస్తోంది. ఆయన గరిటె తిప్పడం మానేశాడు.

"ఎన్నాళ్లే?"

"ఇంక పని లేదు. నాకు చదవడం రాదని తెలిసిపోయింది వాళ్లకి."

"నీకా? చదవడం రాకపోవడమేంటి? నా లైసెన్సులో తప్పులు పట్టావు నువ్వు."

"అక్షరాలు కనపడవు. రెండేళ్లయింది. మధ్యలో ఏదీ కనపడదు, పక్కనున్నవే కనపడతాయి. మీతో చెప్పలేదు. ఎవరికీ చెప్పలేదు."

ఆయన నోట ఎప్పుడూ ఏదో ఒక పరాచికం సిద్ధంగా ఉంటుంది. ఇప్పుడు దానికోసం వెతుకుతున్నట్టు గొంతు సవరించుకున్నాడు. ఆవిడ ఆయన వైపు తిరిగింది. సూటిగా తిరిగింది, ఎదుటి మనిషిని చూసేటప్పుడు ఎవరైనా తిరిగినట్టే. చొక్కా కాలరు ఉంది. చెవులు ఉన్నాయి. జుట్టు ఉంది.

"మీ మొహం చూసి ఏడాదయిందండీ," అంది.

"అంత చూడాల్సిన మొహం కాదులే," అన్నాడాయన. అని, గరిటె పక్కన పెట్టి, నడుం పట్టుకుని కష్టం మీద కుర్చీలోంచి కిందకి దిగి, ఆవిడ ఎదురుగా కూర్చున్నాడు. ఆవిడ చెయ్యి తీసుకుని తన బుగ్గకి ఆనించుకున్నాడు. బుగ్గ తడిగా ఉంది. ఆయన ఏడుస్తున్న సంగతి ఆవిడకి అలా తెలిసింది.

కూర అడుగంటిన వాసన వచ్చేదాకా ఇద్దరూ అక్కణ్ణించి కదల్లేదు.